పూర్ణోదయ చిత్రాలు: స్వతంత్ర నిర్మాతగా ఏడిద నాగేశ్వరరావు

తెలుగు సినిమా చరిత్ర రచన ప్రధానంగా నటులు, దర్శకుల చుట్టూ సాగింది. అందులో నిర్మాత ఎక్కువగా పెట్టుబడిదారుగానే కనిపిస్తాడు. 'శంకరాభరణం', 'సాగరసంగమం', 'స్వాతిముత్యం' కె. విశ్వనాథ్ చిత్రాలుగా సుప్రసిద్ధాలు. ఈ మూడూ వెలువడిన పూర్ణోదయ సంస్థ చిత్రాలన్నిటినీ ఒకచోట పెట్టి పరిశీలిస్తే, కథల ఎంపికలో నిర్మాత ఏడిద నాగేశ్వరరావు (1934–2015) పాత్ర ఎంతటిదో స్పష్టమవుతుంది.

తూర్పుగోదావరి జిల్లా కొత్తపేటలో జన్మించిన ఏడిద రంగస్థలం నుంచి వచ్చినవారు. మద్రాసులో చిన్న పాత్రలు ధరించారు. డబ్బింగ్ కళాకారుడిగానూ పనిచేశారు. విజయా, ఏ.వి.ఎం. వంటి సంస్థల వలె ఆయనకు సొంత స్టూడియో లేదు. ఇటువంటి స్వతంత్ర నిర్మాతలు సాధారణంగా పంపిణీదారుల అడ్వాన్సులపై ఆధారపడేవారు. ఆ అడ్వాన్సును ఎక్కువగా కథానాయకుడి మార్కెట్టే నిర్ణయించేది. కనుక పేరున్న కథానాయకుడు లేని చిత్రాన్ని తలపెట్టడం నిర్మాతకు ఆర్థికంగా పెద్ద సాహసం.

1980లో విడుదలైన 'శంకరాభరణం' అటువంటి సాహసమే. కథానాయకుడు వయసు మళ్లిన సంగీత విద్వాంసుడు. ఆ పాత్రధారి జె.వి. సోమయాజులు రంగస్థల నటుడు, రెవెన్యూ శాఖ అధికారి. ఆ చిత్రం ఘనవిజయం సాధించడమే గాక, ఆరోగ్యకరమైన వినోదాన్ని అందించిన జనరంజక చిత్రంగా జాతీయ పురస్కారాన్ని పొందింది.

ఈ కీర్తి దర్శకుడిదే కదా అన్న ప్రశ్న సహజం. దీనికి సమాధానం పూర్ణోదయ నిర్మించిన ఇతర చిత్రాలలో లభిస్తుంది. 'సీతాకోకచిలుక' (1981)కు భారతీరాజా దర్శకుడు. నాయికానాయకులిద్దరూ తెలుగు తెరకు కొత్తవారు. 'సితార' (1984)కు వంశీ దర్శకుడు. అది ఆయనకు రెండవ చిత్రం మాత్రమే. ఈ రెండూ ఉత్తమ తెలుగు చిత్రాలుగా జాతీయ పురస్కారాలు పొందాయి. దర్శకులు మారినా సంస్థ అభిరుచి మారలేదనడానికి ఇవే నిదర్శనాలు.

అగ్రనటులతో తీసిన చిత్రాలలోనూ ఇదే ధోరణి కనిపిస్తుంది. 'సాగరసంగమం' (1983)లో కమల్ హాసన్ జీవితంలో ఓడిన నర్తకుడు. 'స్వయంకృషి' (1987)లో చిరంజీవి చెప్పులు కుట్టే వ్యక్తి. తారల ప్రతిష్ఠకు తగినట్లు కథను మలచడానికి బదులు కథకు తగిన పాత్రలోకి తారలను తీసుకురావడం ఈ చిత్రాల ప్రత్యేకత. 'స్వాతిముత్యం' (1986) ఆస్కార్ విదేశీ భాషా చిత్ర విభాగానికి భారతదేశపు అధికారిక ప్రవేశంగా ఎంపికైంది.

'ఆపద్బాంధవుడు' (1992) తరువాత ఏడిద మరో చిత్రం నిర్మించలేదు. సొంత స్టూడియో లేని సంస్థకు ప్రతి చిత్రమూ కొత్త పరీక్షే. అటువంటి సంస్థ కేవలం అభిరుచి బలంతో ఒక దశాబ్దానికి పైగా నిలవడం గమనార్హం. తెలుగు సినిమా పరిశోధన దర్శకుల శైలితో ఆగక, పెట్టుబడి, పంపిణీ, కథల ఎంపికల పరస్పర సంబంధాన్ని కూడా పరిశీలించాలి. అప్పుడే చిత్ర నిర్మాణంలో ఎవరు ఏ బాధ్యత వహించారో, ఎవరు ఏ నష్టానికి సిద్ధపడ్డారో చరిత్రలో సక్రమంగా నమోదవుతుంది.