పూరేటి గూటి నేల



చరిత్ర యనగానే రాజవంశములు, యుద్ధములు, శిలాశాసనములు మన మనస్సునకు వచ్చును. మనుష్యుడు చేరదీసి పెంచిన ప్రాణులకును చరిత్ర కలదు. నేడు నేను విన్నవింపబోవునది పూరేడు పిట్టను గూర్చి. అందును ముఖ్యముగా, గూటిలో అది నిలుచు నేలను గూర్చి. ఇంత చిన్న విషయమునకు చరిత్ర యేమని మీరు నవ్వవచ్చును. కాని మన పల్లెలలో పడుచువారు కొందఱు అప్పు తెచ్చి ఈ పిట్టల పెంపకమునకు పూనుకొనుచున్నారు. గూడు కట్టించునప్పుడు కప్పును గూర్చి పదిమందిని అడుగుదురు. అడుగును గూర్చి ఒక్కరినైన అడుగరు. పిట్టలు రాలిపోయినప్పుడు మేతను నిందింతురు, నీటిని నిందింతురు, దిష్టి తగిలినదందురు. పెక్కుమార్లు దోషము పిట్ట కాళ్ల క్రిందనే యుండును. ఈ సంగతి లోకమునకు ఒక్కనాట తెలిసినది కాదు. రెండువేల యేండ్లు పట్టినది.

మొదట పేరు తేల్చుకొందము. మన పొలములలో తిరుగు చిన్నపిట్టను పూరేడనియు, లావుకయనియు పెద్దలు పిలిచిరి. నిఘంటువులలో కౌజు, కముజు అనునవి తిత్తిరి పక్షికి పేర్లు. ఇప్పుడు అంగళ్లలో కౌజుపిట్ట యని అమ్మునది తిత్తిరి కాదు. అది జపాను దేశమునుండి లోకమంతట వ్యాపించిన పెంపుడు పూరేడు. పొలములలోని పిట్టలను వలవేసి పట్టుట 1972 నాటి వన్యప్రాణి రక్షణ చట్టమునకు విరుద్ధము. కావున నేను చెప్పునది పెంపుడు పిట్టను గూర్చియే యని గ్రహింపుడు.

మన ప్రాచీనులు ఈ పిట్టను చక్కగా ఎఱిగియుండిరి. అశ్వినీదేవతలు తోడేటి నోటినుండి ఒక వర్తికను విడిపించిరని ఋగ్వేదమున పలుతావుల గలదు. వర్తిక యనగా పూరేడే. చరక సుశ్రుతులు మాంసభేదములను వివరించుచు లావము, తిత్తిరి మొదలగువానిని విష్కిరములను తెగలో చేర్చిరి. కాళ్లతో నేలను చిమ్మి, చెదరగొట్టి, గింజ లేఱుకొని తినునవి గనుక అవి విష్కిరములు. రెక్కను బట్టియో ముక్కును బట్టియో పేరు పెట్టక, నేలతో దానికిగల చుట్టఱికమును బట్టి పేరు పెట్టుట గమనింపదగినది. చిలుకకు కొమ్మ యెట్లో పూరేటికి నేల యట్లు. అది నేలపై నడచును, నేలపై మేయును, నేలపై గ్రుడ్లు పెట్టును. పొడిదుమ్ములో పొరలి ఈకలలోని జిడ్డును, పురుగును వదలించుకొనును.

బయలున దాని నేలను శుభ్రపఱచువా రెవరు? ఎండ, గాలి, వాన. వానికి తోడు పిట్ట నడకయు. ఈ పూట మేసినచోట అది మఱుపూట మేయదు. రెట్ట వెనుకబడును, పిట్ట ముందునకు సాగును. గూటిలోనన్ననో పిట్టయు రెట్టయు ఒక్కచోటనే కాపురముండును. చిక్కంతయు ఇక్కడనే పుట్టినది.

పూరేటిని పట్టి పంజరమున మేపుటయు మన దేశమున ప్రాచీనమైనదే. పాలిభాషయందలి జాతకకథలలో 118వది వట్టక జాతకము. అందు వేటకాడొకడు పూరేళ్లను తెచ్చి, బలియునట్లు మేపి అమ్ముచుండును. బోధిసత్త్వుడగు పిట్ట మేత ముట్టక చిక్కిపోవును. కొనువారు లేకపోగా, ఏమి రోగమో చూతమని వాడు దానిని అరచేతిలోనికి తీసికొనగానే ఎగిరిపోవును. అమ్ముడుపోవువఱకు ఉంచుట కొద్దినాళ్ల పని గనుక అట్టి వేటకానికి నేల చింత యుండదు. పెక్కుపిట్టలను పెక్కుదినములు ఒక్క కప్పు క్రింద నుంచిననే ఆ చింత పుట్టును.

అట్లు ఉంచినవారు రోమకులు. క్రీస్తునకు పూర్వము 37 ప్రాంతమున వర్రో యను మహాపండితుడు, ఎనుబదవ యేట, భూమి కొన్న తన భార్య కొఱకు మూడు సంపుటముల కృషిగ్రంథమును వ్రాసెను. మూడవ సంపుటమున పక్షిశాలల వర్ణనము కలదు. రోమునగరపు విందులకై చిన్నపిట్టలను, వానితోపాటు పూరేళ్లను అందు పెంచుచుండిరి. ఒక్క పక్షిశాలనుండి ఒక్క యేట 5000 పిట్టలు, ఒక్కొక్కటి మూడు దీనారముల వెలకు, అమ్ముడుపోయిన సంగతి ఆయన తెలిపెను. మన సంస్కృతములోని దీనారశబ్దము ఆ రోమక నాణెపు పేరే. ఇంత సొమ్ము పలుకు పిట్టలకు ఆయన విధించిన కట్టుబాట్లలో ఒకటి మనకు ముఖ్యము. శాలలోనికి నీరు సన్నని కాలువలగుండా రావలెను. మిగిలిన నీరు గొట్టముద్వారా వెలికి పోవలెను. లేనిచో బురదవలన పిట్టలు బాధపడునని వర్రో హెచ్చరించెను. పూరేటి గూటిలో తడినేల హానికరమని వ్రాసియుంచిన మిక్కిలి ప్రాచీనులలో ఈయన యొకడు.

తరువాతి శతాబ్దమున కొలుమెల్లా యను మఱియొక కృషిశాస్త్రజ్ఞుడు కోళ్లను గూర్చి వ్రాయుచు రెండు మాటలు చెప్పెను. పక్షి తన రెట్టపై నిలువరాదు, అది గోళ్లకు అంటుకొని కాళ్లవాతము తెచ్చును, ఇది మొదటిది. చూరు క్రింద, గోడల ప్రక్కను, పొడిదుమ్మును బూడిదను పోసియుంచవలెను, అందు పక్షులు పొరలాడును; ఇది రెండవది. రెట్టకు దూరము, పొడిధూళికి దగ్గఱ. ఈ రెండు కోరికలును ఒక్క నేలతో తీర్చుట యెట్లన్నదే నాటినుండి నేటివఱకు పెంపకందారుల ముందున్న ప్రశ్న.

మన దేశమునను జపానునందును పూరేటి పెంపకము వినోదపు త్రోవ పట్టినది. లక్నో నవాబుల కాలమున బటేర్‌బాజీ, అనగా పూరేళ్ల పందెము, ప్రసిద్ధి కెక్కెను. పందెపు పిట్టను చేతబట్టి దువ్వి మచ్చిక చేసికొని, చిన్న బుట్టగూటిలో నుంచుచుండిరి. జపానున పెంపుడు పూరేళ్లు 12వ శతాబ్దమునాటికే కలవు. అచ్చటివారు మెచ్చినది దాని కూత. 1603 మొదలు 1868 వఱకు జరిగిన ఎదో యుగమున కూతల పోటీలు పెట్టుకొని ఆనందించుచుండిరి. ఒక్క గూట ఒక్క పిట్ట; దానిని ప్రాణసమానముగా చూచు యజమాని యొకడు. ప్రతిదినము చేయి పడు గూటిలో నేల చెడుటకు తావు లేదు. మనుష్యుని శ్రద్ధయే నేలలోని లోపమును కప్పిపుచ్చెను.

20వ శతాబ్ది మొదట ఈ తీరు మాఱినది. 1910 నాటికి జపానువారు పూరేటిని గ్రుడ్ల కొఱకును మాంసము కొఱకును పెంపసాగిరి. ఐచి మండలములోని తొయొహాషి ఈ పెంపకమునకు పేరుగాంచెను. రెండవ ప్రపంచయుద్ధకాలమున పిట్టలు దాదాపు నశించెను. కూతకై పెంచిన వంశములు అంతరించెను. మిగిలిన కొద్ది పిట్టలనుండియే గ్రుడ్ల పిట్టలు మరల వృద్ధిపొందెను. ఒక్క గూట ఒక్క పిట్ట యుండు కాలము గడచి, ఒక్క కొట్టములో వేల పిట్టలుండు కాలము వచ్చెను. వర్రోనాటి చింతయు దానితో మరలివచ్చెను.

ఈ చింతకు శాస్త్రకారణము తెలియుటకు అమెరికాలోని కష్టము తోడ్పడెను. అచ్చట బాబ్‌వైట్ అను మఱియొక జాతి పూరేడు కలదు. ప్రేగులలో పుండ్లు పుట్టించి పిట్టలను గుంపులుగా చంపు రోగము నొకదానిని 1907లో అచ్చట వర్ణించి, దానికి పూరేటి రోగమనియే పేరు పెట్టిరి. రోగపు సూక్ష్మజీవి పిట్ట రెట్టతో వెలికి వచ్చును. గట్టి బీజరూపము దాల్చి నేలలో చాలకాలము బ్రతికియుండును. ఒకసారి చెడిన నేలపై క్రొత్త పిట్టలను విడిచినను వానికిని అదే గతి పట్టును. అందుచేత గూటి అడుగున ఇనుపతీగ వలను పఱచి, పిట్టను నేలకు పైన నిలుపు పద్ధతి తరువాతి కాలమున వ్యాపించెను. రెట్ట కన్నములగుండా క్రిందికి జాఱును. పిట్ట ముక్కునకు అందదు.

కాక్సిడియోసిస్ అను రక్తపారుడు రోగము విషయమునను ఇట్లే. దాని క్రిములను కలుగజేయు అండములు రెట్టలో వెలువడినంతనే హాని చేయజాలవు. తడి, వెచ్చదనము, గాలి మూడును దొరికిన ఒకటి రెండు దినములలో పక్వమై, అప్పుడు రోగము తెచ్చును. నేల పొడిగా నున్నచో ఆ పాకము కుంటువడును. పూరేటికి పట్టు ఇట్టి క్రిమి నొకదానిని మన దేశపు పరిశోధకులు 1965లో వర్ణించి, బటేర్ అను హిందీమాటను బట్టియే దానికి బటేరీ యని నామకరణము చేసిరి. బురదవలన పిట్టలు బాధపడునని రోమక పండితుడు కంటితో చూచి చెప్పినదానికి కారణము సూక్ష్మదర్శినిలో కనబడినది.

అట్లయిన తీగవలయే సర్వోత్తమమా? చరిత్ర అట్లు చెప్పుట లేదు. 1940 తరువాతి దశకమున అమెరికాలోని ఒహాయో రాష్ట్రపు వ్యవసాయ పరిశోధనస్థానమున కోళ్లపై వేఱొక పరీక్ష చేసిరి. నేలపై పఱచిన పొట్టును మాటిమాటికి పాఱవేయక, పొడిగా నుంచి, తిరుగవేయుచు, పైన క్రొత్తది చల్లుచు వచ్చిరి. అట్టి ప్రాత పఱపుపై కోళ్లు చక్కగా పెరిగినవి. అందు మేలుచేయు సూక్ష్మజీవులు నెలకొని రెట్టను జీర్ణింపజేయును. దీనినే నేటివారు డీప్ లిట్టరు అనుచున్నారు. ప్రాతబడిన పఱపు చెడ్డది కాదు, తడిసిన పఱపు చెడ్డదని దీనివలన తేలినది. ఇటువంటి నేలపై పిట్ట తన విష్కిరధర్మమును తీర్చుకొనును. కాళ్లతో చిమ్మును, దుమ్ములో పొరలును. తీగవలపై ఆ భాగ్యము లేదు. పైగా తీగ మొఱటుదైనచో పాదములు పుండ్లు పడును.

మన దేశమునకు జపాను పూరేడు 1974లో కాలిఫోర్నియానుండి బరేలీ దగ్గఱి ఇజ్జత్‌నగరునకు తేబడినది. 1979లో అచ్చట నెలకొన్న కేంద్ర పక్షిపరిశోధన సంస్థ దీని పెంపకమును వృద్ధిచేసెను. పదునేడు దినములకు గ్రుడ్డు పొదుగబడును; ఐదువారములకు పిట్ట సుమారు 180 గ్రాములు తూగును; ఆఱేడు వారములకు గ్రుడ్లు పెట్టును; గ్రుడ్డు పది గ్రాములు. ఇంత త్వరితముగా పెరుగు ప్రాణికి నేల చెడుటయు త్వరితమే.

రెండువేల యేండ్ల అనుభవమును మన గూటికి అన్వయించుకొందము. గ్రుడ్డునుండి వెలువడిన పిల్ల మన బొటనవ్రేలంత యుండును. దానిక్రింద నున్నని వార్తాపత్రికను పఱచినచో కాళ్లు జాఱి, ఇరుప్రక్కలకు చీలిపోయి అవిటిదగును. గరుకు కాగితమో, ముడుతల అట్టయో, గోనెగుడ్డయో పఱువవలెను. నీటిపళ్లెరమున గులకరాళ్లు వేసినచో పిల్లలు మునుగవు, నేలయు తడియదు. తీగవల వాడదలచినచో మొదటి రెండువారములు కన్నము పావు అంగుళమును, పెద్దవానికి అర అంగుళమును ఉండవలెను. అంతకు మించిన కాలు చిక్కుకొనును. వలక్రింద పళ్లెము అమర్చి రెట్టను తఱచుగా తీసివేయవలెను. లేనిచో అమోనియా ఘాటు కండ్లను, ఊపిరిని చెఱచును. పొడియిసుకయో చల్లాఱిన బూడిదయో పోసిన చిన్నపెట్టెను గూటిలో నుంచినచో కొలుమెల్లా చెప్పిన ధూళిస్నానము వలపై నున్న పిట్టకును దక్కును.

నేలపైననే పెంచువారు గచ్చుచేసి, దానిపై రెండు మూడు అంగుళముల మందమున ఊకగాని, రంపపు పొట్టుగాని, వేరుసెనగ తొక్కలుగాని పఱుపవలెను. మట్టినేల చెమ్మను పైకి లాగును, ఎలుకలు బొరియలు త్రవ్వును. ఒట్టి గచ్చు చలువచేయును, రెట్ట దానిపై పేరుకొనును. గజము పొడవు, గజము వెడల్పుగల చోటున, అనగా తొమ్మిది చదరపు అడుగులలో, ఏబదినాలుగు పిట్టలకు మించరాదు. అడుగునకు ఆఱు అని లెక్క. పఱపును ప్రతిదినము తిరుగవేయవలెను. దాని పరీక్ష సులభము: పిడికెడు తీసి గట్టిగా నొక్కి విడువుడు. ముద్ద నిలిచినచో తడి హెచ్చినది. మెల్లగా విడిపోయినచో తగియున్నది. పట్టుకొనగానే దుమ్మై లేచినచో మిక్కిలి ఎండినది. కోస్తా పల్లెలలో వానకాలపు నెలలయందు మొదటి ప్రమాదము, రాయలసీమ, తెలంగాణముల వేసవియందు మూడవది హెచ్చు. తావును బట్టియు, ఋతువును బట్టియు నేల నెన్నుకొనవలెనే గాని, పొరుగూరివారు వేసిరని వేయరాదు.

నేల విలువ తెలుపు చరిత్రలో కడపటి ఘట్టము ఆకాశమున జరిగెను. 1990లో సోవియట్‌వారి మీర్ అను అంతరిక్షస్థానమున జపాను పూరేటి గ్రుడ్లను పొదిగించిరి. పిల్లలు పుట్టినవి. కాని అచ్చట బరువు లేదు గనుక వాని కాళ్లకు నేల ఆనలేదు. అవి గాలిలో దిక్కుతోచక తేలియాడినవి; ఎదుట మేత యున్నను తమంతట నిలిచి తినజాలక పోయినవి. మేతయు, వెచ్చదనమును, కాపాడువారును ఉండిరి. లేనిది కాలూనుటకు నేల యొక్కటియే.

పెద్దలారా! మీ యూరి పడుచువారు గూడు చూడ రమ్మని పిలిచినప్పుడు, కప్పును, గోడలను మెచ్చుకొనుటకు ముందు ఒక పిట్టను చేతిలోనికి తీసికొని పాదములు చూడుడు. వ్రేళ్లసందున ఎండిన రెట్టయుండలు లేక, అరికాలు పుండ్లు లేక, గోళ్లు శుభ్రముగా నున్నచో ఆ గూడు బాగున్నది. లేనిచో అప్పు హెచ్చకముందే నేల మార్పించుడు.