రాయవేలూరు కోటలో మాయాబజారు

కె.వి. రెడ్డి గారు తెలుగులోనూ తమిళంలోనూ తీసిన ‘మాయాబజార్’ 1957లో విడుదలైంది. మన రెండు భాషలవారికీ అది సొంత సినిమాయే. అందులో ఘటోత్కచుడి మాయ ఒకటి, సత్యపీఠం ఒకటి. మాయ లేని శశిరేఖను ఉన్నట్టు నిలబెడుతుంది, లోకాన్ని తారుమారు చేస్తుంది. పీఠం మీద నిలిచినవాడు మనసులోని నిజం కక్కవలసిందే. శకుని గుట్టు చివరికి బయటపడేది దానివల్లనే. మాయ చెడగొట్టినదాన్ని పీఠం సరిచేస్తుంది. కథలో ఇవి రెండు వేరువేరు వస్తువులు. చరిత్రలో మాత్రం ఒకే ఒక కల్పన కొంతకాలం ఇంటిని నిలబెట్టి, ఆ పిమ్మట రాజ్యాన్నే కూల్చిన ఘట్టం ఉంది. అది జరిగింది ఎక్కడో కాదు, మన వేలూరులోనే.

వేలూరు కోట అనగానే ఎవరికైనా 1806 నాటి సిపాయిల తిరుగుబాటు గుర్తుకు వస్తుంది. అంతకు రెండు వందల ఏళ్ళ ముందు ఇది విజయనగర రాయల కోట. 1565లో తళ్ళికోట యుద్ధం ఓడిపోయాక వారి రాజధాని పెనుగొండకు, చంద్రగిరికి, వేలూరుకు జరుగుతూ వచ్చింది. పాతవాళ్ళ నోట వినిపించే ‘రాయవేలూరు’ అన్న పేరులో ఉన్నది ఆ రాయలే. హంపీ వైభవం గురించి మనం చాలా చదువుకున్నాం. ఆ వంశం కథ చివరి అంకాలు మన గడపలోనే జరిగాయని మాత్రం తలచుకోము.

వెంకటపతి దేవరాయలకు సంతానం లేదు. రాణులలో ఒకరైన బాయమ్మ గర్భం నటించి, ఒక బ్రాహ్మణ స్త్రీ కన్న బిడ్డను తెప్పించి తన కొడుకని చాటింది. ఈ సంగతి మనకు చెప్పినవాడు బర్రాడాస్ అనే పోర్చుగీసు పాదిరీ. 1616లో కొచ్చిన్ నుంచి ఆయన రాసిన ఉత్తరాన్ని రాబర్ట్ సూయల్ 1900లో తన విజయనగర చరిత్రలో అచ్చు వేశాడు. రాయలకు నిజం తెలుసుననీ, రాణి మీది ప్రేమ చేత తెలియనట్టే ఉండి పండుగ కూడా చేయించాడనీ పాదిరీ అంటాడు. అబద్ధం అంతఃపురాన్ని కాచింది. రాణి పరువు నిలిచింది, ఇల్లు చల్లగా ఉంది. దానివల్ల ఎవరికీ నష్టం కనిపించలేదు.

1614లో రాయలకు అంత్యకాలం వచ్చింది. అప్పుడాయన ఆ పిల్లవాణ్ణి పక్కన పెట్టి, అన్న కొడుకు శ్రీరంగరాయలను పిలిచి రాజముద్ర ఉంగరం ఇచ్చాడు. ఆలస్యంగా పలికిన ఆ నిజాన్ని వినడానికి అందరూ సిద్ధంగా లేరు. రాణి పుట్టింటివాడైన గొబ్బూరి జగ్గరాయుడు కొందరు నాయకులను కూడగట్టుకుని, శ్రీరంగరాయలను కుటుంబంతో సహా బంధించి, కల్పిత కుమారుణ్ణి గద్దె ఎక్కించాడు. ఇంటి గుట్టుగా ఉన్నంతకాలం చల్లగా ఉన్న మాట సింహాసనం ఎక్కేసరికి కత్తి అయింది.

వెలుగోటి యాచమనాయుడు ఒక్కడు ఆ పిల్లవాడికి తల వంచలేదు. చెరలో ఉన్న రాజకుటుంబాన్ని తప్పించాలని చూశాడు. పని జరిగింది ఒక చాకలి వల్ల. కోటలోకి బట్టలకోసం వెళ్ళి వచ్చే ఆ మనిషి, శ్రీరంగరాయల రెండవ కొడుకు రాముణ్ణి బట్టల మూటలో పెట్టి కావలివాళ్ళ కళ్ళ ముందే బయటికి మోసుకొచ్చాడు. మిగిలినవారిని తప్పించే ప్రయత్నాలు ఫలించలేదు. జగ్గరాయుడి పక్షంవాళ్ళ చేతిలో ఆ కుటుంబం కోటలోనే అంతమైపోయింది. తరువాత తంజావూరు రఘునాథనాయకుడు యాచమనాయుడి వైపు, మధుర, సెంజి నాయకులు జగ్గరాయుడి వైపు చేరారు. కావేరి దగ్గర తోపూరులో జరిగిన యుద్ధంలో జగ్గరాయుడు చనిపోయాడు. మూటలో వచ్చిన పిల్లవాడు రామదేవరాయలై పట్టాభిషిక్తుడయ్యాడు. కాని అంతఃకలహంలో చితికిన రాజ్యం మళ్ళీ మునుపటిలా కాలేదు.

ఇక్కడికి దగ్గరలోనే ఉన్న గుడియాత్తంలో ఏటా గంగమ్మ శిరస్సు పండుగ జరుగుతుంది. రేణుక తలను పరశురాముడు నరకడం, మళ్ళీ ప్రాణం పోసేటప్పుడు ఆ తల వేరొక స్త్రీ మొండేనికి అతకడం మనకు తెలిసిన కథే. అమ్మవారి శిరస్సును ఊరేగించి తెచ్చి మొండెం మీద నిలుపుతారు. తల ఒకరిది, ఒళ్ళు ఒకరిది. ఆ సంగతి ఊరందరికీ తెలుసు. తెలిసే దణ్ణం పెడతారు. వేలూరు కోటలోనూ ఒకరి బిడ్డకు మరొకరి వంశాన్ని అతికారు. తేడా ఒక్కటే: గుడియాత్తంలో అతుకు వీధిలో అందరి ఎదుట పడుతుంది, కోటలో అతుకును దాచారు. పెంపుడు కొడుకని ముందే చెప్పి ఉంటే కథ మరోలా నడిచేదేమో! దత్తత మన ధర్మశాస్త్రాలకు కొత్త కాదు కదా.

తమిళనాట ఉన్న మన తెలుగు ఇళ్ళలో “రాయల కాలంలో వచ్చాం” అనే మాట తరచు వింటాం. ఆ మాట మనల్ని ఒకటిగా నిలబెడుతుంది, సంతోషమే. అయితే రాయల కాలం అంటే కృష్ణరాయల భువనవిజయం ఒక్కటే కాదు. తెలుగు నాయకులు తెలుగు నాయకులతో తలపడి తమ రాజ్యాన్ని తామే కూల్చుకున్న కాలం కూడా అదే. అతుకులు దాచి పిల్లలకు చెప్పిన గొప్ప ఎంతోకాలం నిలవదు.

ఈసారి పిల్లలను కోటకు తీసుకువెళ్ళినప్పుడు జలకంఠేశ్వరుడి గుడి చూపించాక, అగడ్త దాటే చోట ఒక్క నిమిషం ఆగండి. సత్యపీఠం లేని ఆ కోటలోనుంచి నిజమైన వారసుణ్ణి మూటగట్టి తెచ్చిన మనిషి గురించి చెప్పండి. జగ్గరాయుడి పేరూ, యాచమనాయుడి పేరూ చరిత్రలో మిగిలాయి. ఆ చాకలి పేరును మాత్రం పాదిరీ రాయలేదు.