చీటీలోని సిలిండర్

కంటి డాక్టరు రాసిచ్చిన చీటీలో మూడు గళ్లుంటాయి. మొదటిది అందరూ ‘సైటు’ అనేది. తర్వాతివి సిలిండర్, యాక్సిస్. ఆ రెండో గడి మీద నాకు చిన్నప్పటి నుంచీ మమకారం.

మా సిద్దిపేటలో దాన్ని నేత మాటల్లో చెబితే సులువు. గళ్ల చీర ఎదురుగా ఆరేశారనుకోండి. సిలిండర్ దోషమున్న కంటికి పడుగు గీతలు తీరుగా ఉండి, పేక గీతలు అలుక్కుపోయి కనిపించవచ్చు. ఇంకొకరి కంటికి అదే తారుమారు. బంతిలా సమంగా ఉండాల్సిన కార్నియా, అంటే కంటి ముందరి పొర, చెంచా వీపులా ఒకవైపు ఎక్కువ వంగి ఉంటుంది. అందుకే చుక్క చుక్కగా నిలవదు, గీతగా సాగుతుంది.

దీన్ని మొదట పట్టుకున్నవాడు థామస్ యంగ్, 1801లో, తన కంటిలోనే. నీళ్లు నింపిన గొట్టం కంటికి ఆనించి కార్నియా పనిని ఆపేసినా వంకర పోలేదు. దోషం లోపలి కటకానిదని తేల్చాడు. ఆయన విషయంలో అది నిజమే కానీ, చాలామందికి తేడా కార్నియాలోనే ఉంటుంది.

మందు కనిపెట్టింది జార్జ్ ఎయిరీ. చదివేటప్పుడు తన ఎడమ కన్ను ఊరికే ఉంటోందని గమనించాడు. నల్లటి అట్టకు సూదితో బెజ్జం పెట్టి, వెలుతురుకు ఎదురుగా ముందుకీ వెనక్కీ జరిపాడు. ఆరు అంగుళాల దూరంలో ఆ బెజ్జం ఒక గీత, మూడున్నర అంగుళాల దగ్గర దానికి అడ్డంగా ఇంకో గీత! ఆ లెక్కతో 1825లో ఒక పక్క గోళాకారంగా, మరో పక్క స్తూపాకారంగా అద్దం చేయించుకున్నాడు. తయారుచేసింది ఇప్స్‌విచ్ పట్టణంలోని ఫుల్లర్ అనే పనివాడు. అయినా ఆ అద్దాలు జనంలోకి రావడానికి 1862లో కంటి వైద్యుడు డాండర్స్ రాసిన పుస్తకం దాకా ఆగాల్సొచ్చింది.

మా వైపుకొస్తే, 2018 ఆగస్టు 15న సిద్దిపేట పక్కనున్న మెదక్ జిల్లా మల్కాపూర్‌లో ప్రభుత్వ కంటి పరీక్షల పథకం ‘కంటి వెలుగు’ మొదలైంది. దగ్గరిచూపు అద్దాలు అక్కడికక్కడే ఇచ్చేవారు. సొంత నంబరు అద్దాలు మాత్రం తర్వాత వచ్చేవి. సిలిండర్‌ను యాక్సిస్ చూసి అమర్చాలి మరి.

నాకు మొదటిసారి సిలిండర్ అద్దాలు పెట్టినప్పుడు నేల పక్కకు వాలింది, దర్వాజ వంగింది. గోడ పట్టుకుని మెట్లు దిగాను. కన్ను చూపిన వంకరను మెదడు అన్నేళ్లుగా సర్దుకుంటూ వచ్చింది, ఇప్పుడు ఆ సర్దుబాటును విప్పుకోవాలి. నాలుగైదు రోజులకు నేల చదునైంది. ఆ వారమే అమ్మ గొల్లభామ చీర మడత పెడుతుంటే, కొంగు మీది భామ నెత్తిన కుండకు మూతి ఉందని చూశాను.