‘ఇంకో మాట సారూ!’

మన చిక్కబళ్ళాపురం వైపు డాక్టరు దగ్గరికి వచ్చినవాడు మందుచీటీ చేతికందినా వెంటనే లేవడు. చొక్కాజేబులోంచి నాలుగు మడతల కాగితం తీసి, “ఇంకో మాట సారూ!” అంటాడు. పింఛను ఆగిపోయిందనో, పిల్లవాడికి హాస్టల్లో సీటు కావాలనో, ఊళ్ళో బోరు ఎండిపోయిందనో చెబుతాడు. బాగేపల్లి మనిషైతే నొప్పి తెలుగులో చెప్పుకుంటాడు, మందు ఇంగ్లీషులో రాయించుకుంటాడు, అర్జీ మాత్రం కన్నడంలో రాసి తెచ్చుకుంటాడు. చిన్న ఊరి వైద్యుడు రాజకీయాల్లో దిగే దారి ఆ రెండో మాట దగ్గరే మొదలవుతుంది.

మన ఊరి మిషన్ ఆసుపత్రి కథ కూడా తెలుగు నేల మీదుగానే వచ్చింది. లండన్ మిషనరీ సొసైటీ డాక్టరు థామస్ విన్సెంట్ క్యాంప్‌బెల్ ముందు కడప జిల్లా జమ్మలమడుగులో వైద్యం చేశారు. అక్కడి ఆసుపత్రికి నేటికీ ఆయన పేరే. తర్వాత ఆయన చిక్కబళ్ళాపురం వచ్చారు. సొసైటీ కార్యదర్శిగా పనిచేసిన రాల్ఫ్ వార్డ్‌లా థాంప్సన్ స్మారకంగా ఇక్కడ ఆసుపత్రి లేచింది. 1947లో చర్చ్ ఆఫ్ సౌత్ ఇండియా ఏర్పడ్డాక అది సి.ఎస్.ఐ. ఆసుపత్రి అయింది.

క్యాంప్‌బెల్ వదిలి వచ్చిన జమ్మలమడుగు ఆసుపత్రిలోనే, కొన్ని దశాబ్దాల తర్వాత, గుల్బర్గాలో ఎం.బి.బి.ఎస్. చదివిన ఒక కుర్ర డాక్టరు కొన్నాళ్ళు పనిచేశాడు. 1973లో పులివెందులలో తండ్రి పేర 70 పడకల ఆసుపత్రి పెట్టి, రూపాయి డాక్టరనిపించుకున్నాడు. 1978లో ఎమ్మెల్యే అయ్యాడు. ఆయనే వై.ఎస్. రాజశేఖరరెడ్డి. ముఖ్యమంత్రిగా ఆయన తెచ్చిన 108 అంబులెన్సు, 2007 నాటి ఆరోగ్యశ్రీ చూస్తే, పేషెంట్ల ‘ఇంకో మాట’ను ఆయన ఎంతకాలం మోశాడో తెలుస్తుంది.

మన జిల్లా 2007లో కోలారు నుంచి విడిపడింది. ఇక్కడా డాక్టర్లు ఓట్లడిగారు. పెరేసంద్రకు చెందిన డాక్టర్ కె. సుధాకర్ 2013లో చిక్కబళ్ళాపురం ఎమ్మెల్యే అయ్యారు, కోవిడ్ కాలంలో రాష్ట్ర ఆరోగ్య శాఖ చూశారు, 2023లో ఓడి 2024లో ఎంపీ అయ్యారు. చింతామణి ఎమ్మెల్యే డాక్టర్ ఎం.సి. సుధాకర్ పళ్ళ డాక్టరు. 2023లో ఉన్నత విద్యా శాఖ మంత్రి అయ్యారు.

గెలిచిన డాక్టరు విధానసౌధకు వెళ్ళిపోతే బల్ల మీద కూర్చున్న జనం ఎటు పోవాలి? ఆసుపత్రి అవసరం అప్పుడే తెలుస్తుంది. క్యాంప్‌బెల్ జమ్మలమడుగు విడిచినా ఆయన కుర్చీ అక్కడే ఉంది. ఎన్నో ఏళ్ళకు వచ్చిన కొత్త డాక్టరుకూ అది పనికొచ్చింది. మన ఊళ్ళోనూ ఆ కుర్చీ ఖాళీ కాకూడదు. మడతల కాగితం పైకి రాగానే గడియారం చూడకుండా, “చెప్పప్పా” అనే మనిషి అందులో ఉండాలి.