మీ ఫోన్‌లో లిస్టు వెనక కథ: లిస్ట్‌వ్యూ నుంచి రీసైక్లర్‌వ్యూ దాకా

మొదలుపెట్టే ముందు ఒక చిన్న పని చేయండి. వీడియో చూస్తున్నవాళ్లు ఒక్క క్షణం ఆపండి, ఇక్కడ రాతలో చదువుతున్నవాళ్లు కూడా చేయొచ్చు. మీ ఫోన్‌లో కాంటాక్ట్స్ తెరిచి, వేలితో గట్టిగా పైకి తోయండి. పేర్లన్నీ జర్రున జారిపోతాయి కదా. అలా జారుతున్నప్పుడు ఏదో ఒక యాప్‌లో, ఒకళ్ల పేరు పక్కన అర సెకను పాటు ఇంకొకళ్ల ఫొటో కనిపించి, వెంటనే సర్దుకోవడం మీలో కొందరైనా చూసే ఉంటారు. ఫోన్‌లో వైరస్ దూరిందేమో అని నన్ను అడిగినవాళ్లున్నారు. వైరస్ కాదు, ఏమీ కాదు. ఆ అర సెకను వెనక 2008 నుంచి నడుస్తున్న ఒక కథ ఉంది. ఈ రోజు అదే చెప్పుకుందాం.

నేను చాలా ఏళ్లు ఆండ్రాయిడ్ యాప్‌లు రాసి బతికినవాణ్ని. కాబట్టి ఇందులో కొంత చరిత్ర, కొంత నా సొంత గొడవ. నా గొడవలో తప్పు నాదే, అది కూడా చెప్తాను.

2008 అక్టోబర్‌లో అమెరికాలో మొట్టమొదటి ఆండ్రాయిడ్ ఫోన్ అమ్మకానికి వచ్చింది. తయారుచేసింది హెచ్‌టీసీ, పేరు డ్రీమ్. అక్కడ టీ-మొబైల్ జీ1 అని అమ్మారు. 3.2 అంగుళాల స్క్రీన్. ర్యామ్ 192 ఎంబీ. జీబీ కాదండీ, ఎంబీ. టచ్ స్క్రీన్ ఉంది, కానీ అప్పటికి జనానికి టచ్ మీద ఇంకా పూర్తి నమ్మకం లేదు. అందుకని స్క్రీన్‌ను జరిపితే కింద నుంచి కీబోర్డు బయటికొచ్చేది. ముందు భాగంలో చిన్న గోళీ లాంటి ట్రాక్‌బాల్ ఒకటి. దాన్ని బొటనవేలితో తిప్పితే లిస్టులో ఒక రంగు పట్టీ ఒక్కో వరుస దిగుతూ వచ్చేది. గోళీని నొక్కితే ఆ వరుస తెరుచుకునేది. ఈ గోళీని గుర్తుపెట్టుకోండి, మళ్లీ వస్తుంది.

192 ఎంబీ ఫోన్‌లో వెయ్యి పేర్ల లిస్టు చూపించాలి. వెయ్యి వరుసలు ఒకేసారి తయారుచేస్తే ఫోన్ కూలబడుతుంది. మరి ఎలా? మన టిఫిన్ సెంటర్ చూడండి. పొద్దున్నే రెండొందల మంది వస్తారు. రెండొందల ప్లేట్లు ఉంటాయా? ఉండవు. ఓ ఇరవై ఉంటాయి. ఒకాయన తిని లేవగానే ఆ ప్లేటే కడిగి, ఇడ్లీ పెట్టి ఇంకొకాయనకు ఇస్తారు. ఆండ్రాయిడ్‌లో మొదటి నుంచీ ఉన్న లిస్ట్‌వ్యూ అనే భాగం చేసే పని కూడా ఇదే. స్క్రీన్ మీద పది వరుసలు పడితే, ఆ పదికి ఒకటో రెండో ఎక్కువ తయారుచేస్తుంది. పైన ఒక వరుస కనపడకుండా పోగానే, ఆ ఖాళీ ప్లేటును కింద నుంచి వచ్చే వరుసకు వాడుతుంది. కడగడం మర్చిపోతే? ముందు కూర్చున్నాయన చట్నీ మీ ప్లేటులో కనిపిస్తుంది. ఇందాకటి ఫొటో సంగతి అదే. పాత ఫొటో తుడవకముందే కొత్త పేరు వచ్చేసింది.

చిక్కు ఎక్కడొచ్చిందంటే, లిస్ట్‌వ్యూ పాత ప్లేటు మన చేతికి ఇచ్చేది కానీ, వాడి తీరాలని పట్టుబట్టేది కాదు. దాన్ని పక్కన పడేసి ప్రతిసారీ కొత్త ప్లేటు తయారుచేసినా కోడ్ పనిచేసేది. పది వరుసలతో టెస్ట్ చేసి, బాగానే ఉంది కదా అని విడుదల చేసేవాళ్లం. అసలు యూజర్ ఫోన్‌లో ఐదొందల వరుసలు ఉంటాయి. స్క్రీన్ సాఫీగా కదలాలంటే సెకనుకు 60 సార్లు బొమ్మ మారాలి, అంటే ఒక్కో బొమ్మకు దొరికేది 16 మిల్లీసెకన్లు. అంతలో కొత్త వరుస పుట్టించలేక స్క్రీన్ ఎక్కడికక్కడ తడబడేది. అప్పట్లో ఆండ్రాయిడ్ అంటే నత్తనడక అని ఐఫోన్ వాళ్లు ఎగతాళి చేసేవాళ్లు. అందులో సగం పాపం మా డెవలపర్లదే.

ఇంకో ఖర్చు కూడా ఉంది. ఒక్కో వరుసలో పేరు ఎక్కడ రాయాలి, ఫొటో ఎక్కడ పెట్టాలి అని ప్రతిసారీ వెతుక్కోవాలి. దానికి డెవలపర్లు ఒక కిటుకు వాడేవాళ్లు: ఒకసారి వెతికాక ఆ జాగాలన్నీ ఒక చీటీ మీద రాసి ప్లేటుకే అంటించేయడం. దీన్ని వ్యూహోల్డర్ అంటారు. ఇది కూడా రూలు కాదు, తెలిసినవాళ్ల అలవాటు మాత్రమే. 2010 గూగుల్ ఐఓ సభలో రొమెయిన్ గై, ఆడమ్ పావెల్ అనే ఇద్దరు ఆండ్రాయిడ్ ఇంజనీర్లు కేవలం లిస్ట్‌వ్యూ మీదే ఒక ప్రసంగం పెట్టి ఇవన్నీ వివరించారు. ఒక్క లిస్టు చూపించడానికి అంత పాఠం చెప్పాల్సి వచ్చిందంటే ఆ భాగంలోనే ఏదో తేడా ఉన్నట్టు కదా.

నాలుగేళ్లు గడిచాయి. 2014 జూన్‌లో, మెటీరియల్ డిజైన్ ప్రకటించిన అదే సభ రోజుల్లో, గూగుల్ రీసైక్లర్‌వ్యూను బయటపెట్టింది. పేరులోనే ఉంది, తిరిగి వాడటం. ఇందులో వ్యూహోల్డర్ అలవాటు కాదు, చట్టం. చీటీ అంటించకపోతే కోడ్ ముందుకే పోదు. లిస్ట్‌వ్యూకు పై నుంచి కిందికి వరుసలు పేర్చడం ఒక్కటే తెలుసు. రీసైక్లర్‌వ్యూలో పేర్చే పనిని విడదీసి వేరే భాగానికి అప్పగించారు, కాబట్టి అడ్డంగా జరిగే లిస్టు కావాలన్నా, గళ్లు గళ్లుగా కావాలన్నా అదే పనికొస్తుంది. వరుస తీసేస్తే మిగతావి మెల్లగా పైకి జరగడం, అదీ దీంతోనే సులువైంది.

ఇక్కడ మన దేశం సంగతి కొంచెం చెప్పాలి. లిస్ట్‌వ్యూ ఉండేది ఆపరేటింగ్ సిస్టమ్ లోపల. రీసైక్లర్‌వ్యూను మాత్రం సపోర్ట్ లైబ్రరీలో పెట్టారు, అంటే అది యాప్‌తోపాటే మీ ఫోన్‌లోకి వస్తుంది. ఎందుకంటే ఒకసారి అమ్మాక చాలా ఫోన్లకు ఆండ్రాయిడ్ అప్‌డేట్ వచ్చేది కాదు. అదే 2014 సెప్టెంబర్‌లో గూగుల్ ఆండ్రాయిడ్ వన్ ఫోన్లను మొదట ఇండియాలోనే దింపింది. మైక్రోమ్యాక్స్, కార్బన్, స్పైస్ కంపెనీలవి, 6,399 రూపాయల నుంచి. 1 జీబీ ర్యామ్, పాత కిట్‌క్యాట్ వెర్షన్. కొత్త లిస్టు వాటిలో కూడా నడిచింది. ఆండ్రాయిడ్ 2.1 ఉన్న ఫోన్లలో సైతం నడిచేది.

దీనికి పక్కనే ఇంకో సంగతి పెట్టి చూడండి. ఆ ఏడాది చివర్లో వచ్చిన ఆండ్రాయిడ్ 5.0 లోనే గూగుల్ ఫోన్ మెనూలకు, సెట్టింగ్స్‌కు తెలుగు చేర్చింది. తమిళం, కన్నడం, మలయాళం కూడా అందులోనే. కానీ అది సిస్టమ్ లోపల ఉండే విషయం. అప్‌డేట్ రాని ఫోన్ కొన్నవాళ్లకు కొత్త లిస్టు అందింది, తెలుగు సెట్టింగ్స్ అందలేదు. ఏ వస్తువును ఎక్కడ పెట్టారన్న ఒక్క నిర్ణయం వల్ల ఎంత తేడా!

సరే, ఇప్పుడు నా గొడవ. 2016లో నేను ఒక చిన్న కంపెనీలో ఉద్యోగ నోటిఫికేషన్ల యాప్ చూసుకునేవాణ్ని. ఏ శాఖలో ఎన్ని పోస్టులు, చివరి తేదీ ఎప్పుడు అన్నీ ఒక లిస్టులో. లిస్ట్‌వ్యూతో రాసిన యాప్, తడబడేది. దాన్ని పీకేసి రీసైక్లర్‌వ్యూ పెడదామన్నాను, మా మేనేజర్ సరే అన్నాడు.

మొదలుపెట్టాక తెలిసింది, లిస్ట్‌వ్యూలో ఉచితంగా దొరికినవి కొత్తదాంట్లో చాలా లేవు. వరుసల మధ్య గీత లేదు. లిస్టు పైన హెడర్ పెట్టే సదుపాయం లేదు. అన్నిటికంటే వింత, వరుస నొక్కితే ఏం జరగాలో చెప్పే ఏర్పాటే లేదు! లిస్ట్‌వ్యూలో దానికి ఒక్క లైను చాలు. గూగుల్ వాదన అర్థం చేసుకోదగ్గదే. ఈ రోజుల్లో ఒక వరుసలోనే లైక్ బటన్, షేర్ బటన్, ఫొటో, ఇన్ని ఉంటాయి. వరుస మొత్తానికి ఒకే క్లిక్ అనుకోవడం పాత పద్ధతి. కాబట్టి ఎవరికి కావలసింది వాళ్లు పెట్టుకోవాలి.

నాకు ఓపిక లేదు. ఇంటర్నెట్‌లో వెతికితే అందరూ వాడుతున్న ఒక కోడ్ ముక్క దొరికింది. స్క్రీన్ మీద వేలు ఎక్కడ పడిందో పట్టుకుని, అక్కడ ఏ వరుస ఉందో లెక్కగట్టి తెరుస్తుంది. అతికించాను, పనిచేసింది. లిస్టు వెన్నలా జారుతోంది. విడుదల చేశాం. రేటింగులు పెరిగాయి. కేక్ కూడా కోశాం అనుకుంటా.

పది రోజులకు ఆఫీసు నంబర్‌కు ఫోన్ వచ్చింది. ఖమ్మం వైపు కుర్రాడు, డిగ్రీ అయిపోయి పోటీ పరీక్షలకు చదువుతున్నాడు. "అన్నా, మీ యాప్‌లో లిస్టు కనపడుతోంది గానీ తెరుచుకోవట్లేదు" అన్నాడు. డిలీట్ చేసి మళ్లీ వేసుకోమన్నాను. వేసుకున్నా అన్నాడు. ఫోన్ ఏది, వెర్షన్ ఎంత, అన్నీ అడిగాను. అన్నీ బాగానే ఉన్నాయి. చివరికి, "ఎక్కడ నొక్కుతున్నావు తమ్ముడూ?" అన్నాను. "నొక్కను అన్నా. నాకు చేతులు వణుకుతాయి, చిన్నప్పటి నుంచి. వేలు పెడితే ఒక చోట పెట్టబోయి ఇంకో చోట పడుతుంది. ఓటీజీ కేబుల్‌కు కీబోర్డు తగిలించుకుని వాడతా. ఇంతకుముందు కింది బాణం నొక్కితే ఒక్కో ఉద్యోగం మీదికి వెలుగు వచ్చేది, ఎంటర్ కొడితే తెరుచుకునేది. ఇప్పుడు ఆ వెలుగే లేదు. సాయంత్రం మా చెల్లి కాలేజీ నుంచి వచ్చాక తనతో నొక్కించుకుంటున్నా" అన్నాడు.

నాకు మాట రాలేదు. అతను చెప్పిన వెలుగు నేనెప్పుడూ చూడలేదు. నా ఫోన్‌కు కీబోర్డు ఎందుకు పెడతాను?

ఇప్పుడు ఆ గోళీ దగ్గరికి వద్దాం. ఆ రంగు పట్టీ, ఎంటర్‌కు తెరుచుకోవడం, ఇవన్నీ లిస్ట్‌వ్యూలో ఎక్కడి నుంచి వచ్చాయి? మొదటి ఫోన్‌కు ట్రాక్‌బాల్, కీబోర్డు ఉన్నాయి కాబట్టి వాటి కోసమే పెట్టారు. తర్వాత గోళీలు పోయాయి, జరిగే కీబోర్డులు పోయాయి. అయినా లిస్ట్‌వ్యూ లోపల ఆ పని అలాగే ఉండిపోయింది, ఎవరూ అడక్కుండా. వేలితో నొక్కలేనివాళ్లు ఎంతమంది దాని మీద ఆధారపడ్డారో మాకు తెలియదు, మేం లెక్కపెట్టలేదు. నేను అతికించిన ముక్క వేలిని మాత్రమే చూస్తుంది. బాణం మీటను అది పట్టించుకోదు. ఆ వరుసలు నొక్కదగినవని సిస్టమ్‌కే చెప్పలేదు కాబట్టి, స్విచ్‌తో ఫోన్ వాడేవాళ్ల కోసం ఉన్న స్విచ్ యాక్సెస్ కూడా వాటిని దాటుకుని వెళ్లిపోతుంది.

సరిచేయడానికి ఎంత పట్టింది? వరుసకు మూడు లైన్లు. ఇది వెలుగు నిలవదగిన చోటు అని ఒకటి, ఇది నొక్కదగినది అని ఒకటి, వెలుగు పడినప్పుడు రంగు మారాలని ఒకటి. అరగంట పని. ఆ అరగంట పని నాకు పది రోజుల ముందు తట్టలేదు, అదీ సంగతి.

ఐఫోన్ వాళ్లు దీనికి అతీతులనుకోకండి. వాళ్ల టేబుల్‌వ్యూ 2008 నుంచీ ఉంది, ప్లేట్లు కడిగి వాడటం దాని పద్ధతి కూడా. 2012లో ఐఓఎస్ 6తో కలెక్షన్‌వ్యూ అని ఇంకా వెసులుబాటున్న భాగం తెచ్చారు. 2019లో స్విఫ్ట్‌యూఐ వచ్చింది, అందులో లిస్ట్ అని ఒక్క మాట రాస్తే చాలు. ఆ మాట లోపల పనిచేసింది మాత్రం పాత టేబుల్‌వ్యూనే! 2022లో ఐఓఎస్ 16 రాగానే ఆపిల్ లోపల దాన్ని తీసి కలెక్షన్‌వ్యూ పెట్టేసింది. బయట మాట అదే. కానీ లోపల టేబుల్‌వ్యూ ఉందని కనిపెట్టి, దాని ద్వారా బ్యాక్‌గ్రౌండ్ రంగు మార్చుకున్న డెవలపర్ల యాప్‌లలో ఆ రంగులు పోయాయి. వాళ్లను చూసి నవ్వుకునే అర్హత నాకు లేదు.

ఆండ్రాయిడ్‌లో 2021 జూలైలో జెట్‌ప్యాక్ కంపోజ్ 1.0 వచ్చింది. ఇప్పుడు లిస్టుకు లేజీకాలమ్ వాడుతున్నారు. అడాప్టర్ లేదు, వ్యూహోల్డర్ లేదు. నాకు నచ్చింది ఏంటంటే, క్లికబుల్ అని ఒక్క మాట తగిలిస్తే వేలు, కీబోర్డు, స్క్రీన్ చదివే టాక్‌బ్యాక్ అన్నిటికీ కలిపి ఏర్పాటు అవుతుంది. 2014లో తీసేసినది ఇంకో రూపంలో వెనక్కి వచ్చింది. ఇక లిస్ట్‌వ్యూ? దాన్ని ఎవరూ చంపలేదు. గూగుల్ పత్రాల్లో రీసైక్లర్‌వ్యూ వాడమని సలహా ఉంటుంది గానీ, మీ చేతిలో ఉన్న ఫోన్ లోపల అది ఇంకా ఉంది. 2008 గోళీ కోసం రాసిన పని కూడా.

ఖమ్మం కుర్రాడికి కొత్త వెర్షన్ పంపాక మెసేజ్ పెట్టాడు: "వస్తోంది అన్నా. కానీ లిస్టు రిఫ్రెష్ అయినప్పుడల్లా వెలుగు పోతోంది, మళ్లీ మొదటి నుంచి దిగాల్సి వస్తోంది." నిజమే. ప్రతి వరుసకూ మారని ఒక నంబర్ ఇస్తే తప్ప, రిఫ్రెష్ తర్వాత ఏది ఏదో రీసైక్లర్‌వ్యూకు తెలియదు. అది మూడు లైన్లతో అయ్యే పని కాదు, సర్వర్ వాళ్లను కూడా బతిమాలాలి. ఇంకో వారం పట్టింది.

వచ్చే ఎపిసోడ్‌లో, ఫోన్ల కింద ఉండే మెనూ బటన్ ఎటు పోయిందో, దాని బదులు మూడు చుక్కలు ఎలా వచ్చాయో చెప్తాను. ఉంటాను మరి.