పెద్దక్కలు ఉండగానే రాసుకుందాం

చరిత్ర అంటే రాజులు, యుద్ధాలు అనే బడిలో చదువుకున్నాం. ఆడవాళ్ల మాటతో నిండిన చరిత్ర పుస్తకం ఒకటుంది. పేరు 'మనకు తెలియని మన చరిత్ర'. హైదరాబాదులోని స్త్రీ శక్తి సంఘటన వాళ్లు 1986లో తెచ్చారు.

1946 నుంచి 1951 దాకా సాగిన తెలంగాణ సాయుధ పోరాటంలో పనిచేసిన ఆడవాళ్లను కలిసి, వాళ్లు చెప్పింది టేపు పట్టి రాశారు. మల్లు స్వరాజ్యం గారు చెప్పారు. పాలకుర్తి చాకలి ఐలమ్మ గారు చెప్పారు. కౌలు పొలంలో ఆమె పండించిన పంట మీద విసునూరు దేశ్‌ముఖ్ కన్నేస్తే, సంఘపోళ్లను తోడు పెట్టుకుని గింజలు ఇంటికి చేర్చుకున్న మనిషి ఆమె.

తుపాకి పట్టడమే కాదు, అన్నం వండిపెట్టడం, కబురు చేరవేయడం కూడా పోరాటమే అని ఈ పుస్తకం చూపించింది. పోరాటం ఆగాక ఆడవాళ్లను మళ్లీ ఇంటికి పొమ్మన్న బాధనూ దాచలేదు.

ఐలమ్మ గారు 1985లోనే కన్నుమూశారు. ముందే టేపు పట్టారు కాబట్టి ఆమె మాట మిగిలింది.

ఇది తెలిశాక మా తీర్మానాల పుస్తకాలు తీసి చూశాం. పొదుపు, అప్పు, వాయిదా అన్నీ ఉన్నాయి. మొదట్లో మీటింగుకు వస్తుంటే ఇంట్లో ఎవరు తిట్లు తిన్నారో, పొదుపు డబ్బులు ఎట్లా కూడబెట్టారో ఒక్క ముక్క లేదు. సంఘం మొదలుపెట్టిన పెద్దక్కల్లో ఇద్దరు ఇప్పుడు లేరు.

ఇకనుంచి ప్రతి నెలా మీటింగులో ఒక అక్క చెప్పాలి, ఒకరు రాయాలి అనుకున్నాం. మీరూ మొదలుపెట్టండి.