ఉద్యోగం ఏ ప్రాంతానిది? హైదరాబాదులో బదిలీ వ్యాజ్యాల చరిత్ర: ఒక పరిశీలన

1. ఉపోద్ఘాతం:

ప్రభుత్వోద్యోగి బదిలీ సాధారణంగా పరిపాలనా విచక్షణకు సంబంధించిన అంశం. దురుద్దేశం గాని, చట్టబద్ధ నిబంధనల ఉల్లంఘన గాని కనిపించినప్పుడే న్యాయస్థానాలు ఇందులో జోక్యం చేసుకోవాలన్నది శిల్పీ బోస్ (1991), ఎస్.ఎల్. అబ్బాస్ (1993) కేసులలో సుప్రీంకోర్టు స్థిరపరచిన సూత్రం. డిప్యుటేషన్‌కు ఉద్యోగి సమ్మతి కూడా అవసరమని ఉమాపతి చౌదరి కేసు (1999) తెలిపింది. అయితే తెలుగు ప్రాంతాలలో బదిలీ వివాదం ఈ సామాన్య సూత్రాల పరిధిని దాటింది. ఉద్యోగి ఎక్కడ పనిచేయాలి అనే ప్రశ్న వెనుక, ఆ ఉద్యోగం ఏ ప్రాంతానిది అనే ప్రశ్న నిలిచింది.

2. 1969 - జీ.ఓ. 36:

తెలంగాణ నివాసులకు ప్రత్యేకించిన పోస్టులలో 1956 నవంబరు 1 నుంచి నియమితులైన స్థానికేతరులను వాటి నుంచి తప్పించాలని రాష్ట్ర ప్రభుత్వం 1969 జనవరి 21న జీ.ఓ. 36 జారీచేసింది. సర్వీసుకు భంగం లేకుండా, అవసరమైతే అదనపు పోస్టులు సృష్టించి, వారిని ఆంధ్ర ప్రాంతంలో నియమించాలని అందులో ఆదేశించింది. అంటే ఉద్యోగులు కోల్పోయేది జీవనోపాధిని కాదు, స్థానాన్ని. అయినా వారు న్యాయస్థానాన్ని ఆశ్రయించారు. ఎ.వి.ఎస్. నరసింహారావు కేసులో 1969 మార్చి 28న సుప్రీంకోర్టు, 1957 నాటి నివాసార్హత చట్టంలోని 3వ సెక్షన్ తెలంగాణకు వర్తించినంత మేరకు చెల్లదని తీర్పు చెప్పింది. రాజ్యాంగం 16(3) అధికరణం ప్రకారం నివాస నిబంధన మొత్తం రాష్ట్రానికి విధించవచ్చు గాని, అందులో ఒక భాగానికి విధించరాదన్నది ఆ తీర్పు సారాంశం. స్థానికేతర ఉద్యోగులకు ఇది ఊరట. తెలంగాణ నిరుద్యోగులకు మాత్రం 1956 నాటి రక్షణలు చేజారినట్లయింది.

3. రాష్ట్రపతి ఉత్తర్వులు:

1972 అక్టోబరు 3న, డైరెక్టర్ ఆఫ్ ఇండస్ట్రీస్ అండ్ కామర్స్ కేసులో ముల్కీ నిబంధనలు అమలులో ఉన్నాయని సుప్రీంకోర్టు ప్రకటించింది. దరిమిలా జై ఆంధ్ర ఉద్యమం, రాష్ట్రపతి పాలన, 1973 సెప్టెంబరు 21 నాటి ఆరు సూత్రాల పథకం వచ్చాయి. 32వ రాజ్యాంగ సవరణ ద్వారా 371డి అధికరణం చేరింది. 1975 అక్టోబరు 18 నాటి రాష్ట్రపతి ఉత్తర్వులు స్థానిక కేడర్‌ను నియామకం, సీనియారిటీ, పదోన్నతితో పాటు బదిలీకీ యూనిట్‌గా నిర్ణయించాయి. దీనితో ఇతర రాష్ట్రాలలో ప్రభుత్వ ఇచ్ఛగా ఉన్న బదిలీ, ఇక్కడ రాజ్యాంగబద్ధమైన హద్దులకు లోబడింది.

4. అబిడ్స్ - నాంపల్లి:

ఈ హద్దులు భౌగోళిక దూరాన్ని అనుసరించలేదు. అబిడ్స్‌లోని నాంపల్లి స్టేషన్ రోడ్డులో చాలాకాలం హైదరాబాదు జిల్లా కలెక్టరేట్ ఉండేది. చిరాగ్ అలీ లేన్‌లోని పరిశ్రమల శాఖ, బొగ్గులకుంటలోని దేవాదాయ శాఖ, నాంపల్లిలోని వాణిజ్య పన్నుల శాఖ రాష్ట్రస్థాయి శాఖాధిపతుల కార్యాలయాలు. కలెక్టరేట్‌లోని గుమాస్తా పోస్టు స్థానిక కేడర్‌కు చెందినది. శాఖాధిపతుల కార్యాలయాలకు మాత్రం 14వ పేరా మినహాయింపు ఇచ్చింది. కాలినడకన చేరగల రెండు కార్యాలయాల మధ్య న్యాయపరమైన దూరం ఎంతో ఉంది. స్థానిక కేడర్ నుంచి మినహాయింపు పొందిన కార్యాలయానికి బదిలీ చేయడానికి, ప్రజాప్రయోజనం దృష్ట్యా ఒక కేడర్ నుంచి మరొకదానికి మార్చడానికి 5(2) పేరా అవకాశమిచ్చింది. హద్దు గీసిన ఉత్తర్వులే ద్వారమూ తెరిచాయి. 5, 6 జోన్లలో ఉత్తర్వులకు విరుద్ధంగా నియమితులైనవారిని 1986 మార్చి 31లోగా సొంత జోన్లకు పంపాలని 1985 డిసెంబరు 30న జీ.ఓ. 610 జారీ కావడం, 2001లో గిర్‌గ్లానీ కమిషన్ ఏర్పడవలసి రావడం ఈ వివాదం తీరలేదనడానికి నిదర్శనాలు.

5. ట్రిబ్యునల్:

సర్వీసు వివాదాల పరిష్కారానికి 1976 జూలై 1న పరిపాలనా ట్రిబ్యునల్ ఏర్పడింది. కాని దాని ఆదేశాన్ని మార్చే, రద్దుచేసే అధికారం 371డి(5) ప్రభుత్వానికే ఇచ్చింది. ప్రతివాదే తీర్పును తిరగరాయగల ఈ ఏర్పాటును సాంబమూర్తి కేసులో (1986) సుప్రీంకోర్టు కొట్టివేసింది. 1997 నాటి ఎల్. చంద్రకుమార్ తీర్పు హైకోర్టు సమీక్షాధికారాన్ని పునరుద్ధరించింది.

6. ముగింపు:

ఈ వ్యాజ్యాలను వ్యక్తిగత అసౌకర్యాల పట్టికగా చూడటం సరికాదు. సమానావకాశం కోరిన ఉద్యోగి, స్థానిక రక్షణ కోరిన ప్రాంతం, ఇద్దరూ రాజ్యాంగాన్నే ఆశ్రయించారు. తెలంగాణలో 2021 నాటి జీ.ఓ. 317 కేటాయింపులపై తలెత్తిన వివాదాలు ఆ ప్రశ్న నేటికీ సజీవంగా ఉందని తెలుపుతున్నాయి. రాష్ట్రం విడిపోయినా, పోస్టుకూ ప్రాంతానికీ మధ్య ముడి విడిపోలేదు.